ఆంటోనియో పుయెర్తా: తరచుగా అడిగే ప్రశ్నలు

ఏటా ఆగస్టు చివరి వారంలో ఆ పాత క్లిప్ మళ్ళీ గ్రూపుల్లో తిరగడం మొదలవుతుంది. తెల్ల జెర్సీ కుర్రాడు గోల్ దగ్గర ఉన్నట్టుండి కూలబడతాడు, తోటి ఆటగాళ్ళు పరుగెత్తుకొస్తారు, అంతే వీడియో అయిపోతుంది. ఆ తర్వాత ఎప్పుడూ అవే ప్రశ్నలు, సగం తప్పు జవాబులు. అందుకే అన్నీ ఒకచోట రాసి పెడుతున్నాను. ఎవరికి ఏది కావాలో నేరుగా అక్కడికే వెళ్ళి చదువుకోవచ్చు. అడిగేవాళ్ళు ఎక్కువగా అతని చావు గురించే అడుగుతారు కానీ నేను కావాలనే ఆటను ముందు పెట్టాను. అతను ఎలా పడిపోయాడో తెలిసిన చాలామందికి అతను ఏం ఆడాడో తెలియదు.

## ఆట మొదలైన రోజులు

ఇంతకీ ఈ పుయెర్తా ఎవరు? ఒక్క ముక్కలో చెప్పండి.

ఆంటోనియో పుయెర్తా స్పెయిన్‌లోని సెవిల్లా ఫుట్‌బాల్ క్లబ్ ఆటగాడు. 1984 నవంబర్ 26న పుట్టాడు, 2007 ఆగస్టు 28న చనిపోయాడు, అప్పటికి 22 ఏళ్ళు. సీనియర్ టీమ్‌లో ఆడింది మూడున్నర సీజన్ల లోపే. ఆ కొద్ది కాలంలోనే ఒక గోల్‌తో క్లబ్ చరిత్రను మలుపు తిప్పాడు.

సొంత ఊరి కుర్రాడు అంటుంటారు, నిజంగా సెవిల్లాలోనే పుట్టాడా?

అవును. అందులోనూ నెర్వియోన్ పేటలో, అంటే క్లబ్ స్టేడియం రమోన్ సాంచెజ్ పిజ్వాన్ ఉన్న పేటలోనే. చిన్నప్పుడే క్లబ్ అకాడమీలో చేరి, వయసు గ్రూపులన్నీ దాటుకుంటూ, రిజర్వ్ టీమ్ సెవిల్లా అట్లెటికో మీదుగా పైకి వచ్చాడు. వేరే క్లబ్ సీనియర్ జెర్సీ వేసుకోనే లేదు. సెర్హియో రామోస్, హెసూస్ నవాస్ కూడా ఇంచుమించు అదే సమయంలో అదే అకాడమీ నుంచి వచ్చినవాళ్ళు. ఒకే తరంలో అంతమంది రావడం ఏ క్లబ్‌కైనా అరుదు.

ఒకచోట డిఫెండర్ అని, ఇంకోచోట మిడ్‌ఫీల్డర్ అని రాశారు. ఏది నిజం?

రెండూ. పూర్తిగా ఎడమ కాలి ఆటగాడు, ఎడమ అంచు మొత్తం అతనిదే. కోచ్ అవసరాన్ని బట్టి లెఫ్ట్ బ్యాక్‌గానూ ఆడించేవాడు, ముందుకు జరిపి లెఫ్ట్ వింగ్‌లోనూ ఆడించేవాడు. నా ఉద్దేశంలో ముందుకు ఆడినప్పుడే అతనిలోని అసలు ఆటగాడు కనిపించేవాడు. పొడగరి, పెద్ద అంగలు, పైగా పెనాల్టీ బాక్స్ బయటి నుంచి కూడా గట్టిగా కొట్టగల కాలు. అయినా 2007 యూరప్ ఫైనల్లో లెఫ్ట్ బ్యాక్‌గానే మొదలుపెట్టి 120 నిమిషాలూ ఆడాడు కాబట్టి డిఫెండర్ అన్నవాళ్ళదీ తప్పు కాదు.

సీనియర్ టీమ్‌లోకి ఎప్పుడు వచ్చాడు?

2004 మార్చిలో, మలగా మీద లీగ్ మ్యాచ్‌తో. అప్పటి కోచ్ హోవకిన్ కపర్రోస్. అకాడమీ కుర్రాళ్ళకు ధైర్యంగా అవకాశం ఇస్తాడని ఆయనకు పేరు. 2005లో హువాండే రామోస్ కోచ్‌గా వచ్చాక పుయెర్తాకు మ్యాచ్‌లు పెరిగాయి. ఇంటిపేరు కలిసింది కానీ ఈ రామోస్‌కీ ఆటగాడు సెర్హియో రామోస్‌కీ చుట్టరికం ఏమీ లేదు. ఇది కూడా చాలామంది అడిగారు.

## ఆ గోల్, ఆ కప్పులు

షాల్కే మీద కొట్టిన గోల్‌ని సెవిల్లా అభిమానులు అంతలా ఎందుకు చెప్పుకుంటారు? సెమీఫైనల్ గోలే కదా?

అది అర్థం కావాలంటే 2006కి ముందు సెవిల్లా పరిస్థితి తెలియాలి. ఆ క్లబ్ చివరిసారి పెద్ద కప్పు గెలిచింది 1948లో, అది స్పెయిన్ కప్. ఆ తర్వాత 58 ఏళ్ళు ఏమీ లేదు. మధ్యలో రెండో డివిజన్‌కి పడిపోవడం, మళ్ళీ ఎక్కడం కూడా జరిగాయి. తాతలు చెప్తే మనవలు వినడమే తప్ప కళ్ళతో చూసినవాళ్ళు తక్కువ. పైగా 2005-06 అంటే క్లబ్ వందేళ్ళ వేడుక సీజన్.

యూరప్ క్లబ్‌ల టోర్నీ యూఈఎఫ్ఏ కప్ సెమీఫైనల్లో జర్మనీ క్లబ్ షాల్కేతో తొలి మ్యాచ్ 0-0. రెండోది 2006 ఏప్రిల్ 27న సెవిల్లాలో, అదీ ఊరి పెద్ద జాతర ఫెరియా జరుగుతున్న గురువారం రాత్రి. 90 నిమిషాలూ గోల్ లేదు. ఎక్స్‌ట్రా టైమ్ మొదలైంది. అప్పటి రూల్ ప్రకారం బయటి మైదానంలో కొట్టిన గోల్‌కి విలువ ఎక్కువ కాబట్టి షాల్కే ఒక్కటి కొడితే సెవిల్లా రెండు కొట్టాలి. ఆ టెన్షన్‌లో వందో నిమిషం దాటుతుండగా కుడి వైపు నుంచి నవాస్ బంతిని అవతలి అంచుకు వేశాడు. అక్కడున్న పుయెర్తా దాన్ని ఆపలేదు, సర్దుకోలేదు, వచ్చింది వచ్చినట్టే ఎడమ కాలితో కొట్టాడు. గోల్ కీపర్‌ని దాటి బంతి అవతలి మూలకు వెళ్ళిపోయింది. 1-0, ఫైనల్‌కి టికెట్.

ఆ తర్వాత 2006, 2007, 2014, 2015, 2016, 2020, 2023, మొత్తం ఏడుసార్లు ఇదే టోర్నీని సెవిల్లా గెలిచింది (మధ్యలో దాని పేరు యూరోపా లీగ్ అయింది). ఇంకే క్లబ్ కూడా అన్నిసార్లు గెలవలేదు. ఆ ఏడింటికీ తలుపు తెరిచింది ఆ ఒక్క కిక్ అని వాళ్ళ లెక్క. కొంచెం అతిశయోక్తి ఉందేమో గానీ అబద్ధమని మాత్రం అనలేం.

2006 ఫైనల్లో కూడా గోల్ కొట్టాడా?

లేదు. మే 10న నెదర్లాండ్స్‌లోని ఐంధోవెన్‌లో ఇంగ్లండ్ క్లబ్ మిడిల్స్‌బ్రోపై సెవిల్లా 4-0తో గెలిచింది. లూయిస్ ఫాబియానో ఒకటి, మరెస్కా రెండు, కనూటే ఒకటి. పుయెర్తా చివర్లో సబ్‌స్టిట్యూట్‌గా దిగాడు. సెమీస్ హీరోని ఫైనల్లో బెంచ్ మీద కూర్చోబెట్టారేంటి అని కోపం వస్తుంది కానీ అప్పటికి ఎడమ వైపు బ్రెజిల్ ఆటగాడు అడ్రియానో కూడా మంచి ఊపులో ఉన్నాడు.

2007 ఫైనల్లో గెలిపించిన పెనాల్టీ ఇతనిదేనా?

దాదాపు అంతే, కాకపోతే చిన్న సవరణ. 2007 మే 16న గ్లాస్గోలోని హాంప్‌డెన్ పార్క్‌లో స్పెయిన్‌కే చెందిన ఎస్పాన్యోల్‌తో ఫైనల్. ఎక్స్‌ట్రా టైమ్ తర్వాత 2-2. షూటవుట్‌లో సెవిల్లా తరఫున చివరి పెనాల్టీ పుయెర్తాదే. అది గోల్ కావడంతో 3-1 అయింది. ఆ వెంటనే ఎస్పాన్యోల్ కిక్‌ని గోల్ కీపర్ పాలోప్ ఆపడంతో మ్యాచ్ ముగిసింది. కాబట్టి స్కోరు పరంగా గెలిపించిన గోల్ పుయెర్తాది, మ్యాచ్ ముగించింది పాలోప్ చెయ్యి. ఆ రాత్రి పాలోప్ మూడు పెనాల్టీలు ఆపాడు, ఆ మాట కూడా చెప్పకపోతే అన్యాయం.

మొత్తం ఎన్ని కప్పులు గెలిచాడు?

క్లబ్‌తో అయిదు. 2006, 2007 యూఈఎఫ్ఏ కప్‌లు. 2006 ఆగస్టులో మొనాకోలో యూరప్ చాంపియన్ బార్సిలోనాను 3-0తో ఓడించిన సూపర్ కప్. 2007 జూన్‌లో గెటాఫేపై 1-0తో వచ్చిన కోపా డెల్ రే, అంటే స్పెయిన్ కప్. 2007 ఆగస్టులో రియల్ మాడ్రిడ్‌ని రెండు మ్యాచ్‌ల్లోనూ ఓడించి తెచ్చుకున్న స్పెయిన్ సూపర్ కప్. ఇవన్నీ పదిహేను నెలల్లో. చివరి కప్ ఆగస్టు 19న వచ్చింది, పుయెర్తా మైదానంలో పడిపోయింది 25న.

స్పెయిన్ జాతీయ జట్టుకి ఎన్ని మ్యాచ్‌లు ఆడాడు?

ఒక్కటే. 2006 అక్టోబర్ 7న స్వీడన్‌లో యూరో 2008 క్వాలిఫయింగ్ మ్యాచ్, సబ్‌స్టిట్యూట్‌గా దిగాడు. స్పెయిన్ 0-2తో ఓడిపోయింది. కోచ్ లూయిస్ అరగోనెస్ మీద విమర్శలు ముమ్మరంగా ఉన్న రోజులవి. ఆ జట్టే రెండేళ్ళు తిరక్కముందే యూరప్ చాంపియన్ అయింది.

## 2007 ఆగస్టు చివరి వారం

గ్రౌండ్‌లోనే చనిపోయాడా?

కాదు, ఎక్కువగా తిరిగే తప్పు ఇదే. ఆగస్టు 25, శనివారం, కొత్త సీజన్ తొలి లీగ్ మ్యాచ్, సొంత మైదానంలో గెటాఫేతో. అరగంట ఆట అటూ ఇటూగా పుయెర్తా తన గోల్ వైపు నడుస్తూ వంగి కూర్చుని, అలాగే కింద పడిపోయాడు. తోటి ఆటగాళ్ళు డ్రాగుటినోవిచ్, పాలోప్ ముందుగా పరుగెత్తుకొచ్చి నాలుక గొంతుకు అడ్డం పడకుండా చూశారు. తర్వాత స్పృహ వచ్చి సిబ్బంది తోడుగా నడిచి బయటికి వెళ్ళాడు. డ్రెస్సింగ్ రూమ్‌లో మళ్ళీ పడిపోయాడు, గుండె పలుమార్లు ఆగింది. డాక్టర్లు తిరిగి కొట్టుకునేలా చేసి విర్హెన్ డెల్ రొసీయో ఆసుపత్రికి తరలించారు. ఐసీయూలో మూడు రోజులు ఉండి 28వ తేదీ మధ్యాహ్నం కన్నుమూశాడు.

లేచి నడిచి వెళ్ళినవాడు ఎలా చనిపోతాడు? ఏదో దాస్తున్నారు.

దాచడానికేమీ లేదు. గుండె లయ ఒక్కసారిగా చెదిరిపోతే మెదడుకు రక్తం అందక మనిషి పడిపోతాడు. కొన్నిసార్లు ఆ లయ దానంతటదే సర్దుకుంటుంది, మనిషి లేచి నడుస్తాడు, బాగానే ఉన్నానంటాడు కూడా. కానీ మూల కారణం అక్కడే ఉంటుంది కాబట్టి కొద్ది నిమిషాల్లోనే మళ్ళీ రావచ్చు. పుయెర్తాకు రెండోసారి వచ్చినవి సర్దుకోలేదు. గుండె పదేపదే ఆగడంతో మెదడుకు ఆక్సిజన్ అందక కోలుకోలేని దెబ్బ తగిలింది, తర్వాత ఒక్కొక్కటిగా మిగతా అవయవాలు కూడా ఆగిపోయాయి.

మ్యాచ్ ఆపకుండా ఆడేశారా?

ఆడారు, సెవిల్లా 4-1తో గెలిచింది కూడా. ఇప్పటి కళ్ళతో చూస్తే కఠినంగా అనిపిస్తుంది. కానీ మైదానంలో ఉన్నవాళ్ళు చూసింది తమవాడు లేచి నడిచి వెళ్ళడమే. లోపల ఏం జరిగిందో వాళ్ళకు అప్పటికి తెలియదు. 2021లో డెన్మార్క్ ఆటగాడు ఎరిక్సన్ పడిపోయినప్పుడు మైదానంలోనే అందరి ముందూ గుండెకు షాక్ ఇవ్వాల్సి వచ్చింది, అందుకే అక్కడ మ్యాచ్ ఆగింది. రెండు సందర్భాలనూ పక్కపక్కన పెట్టి సెవిల్లా వాళ్ళని తిట్టడం నాకు సరిగ్గా అనిపించదు.

హార్ట్ ఎటాక్ అంటున్నారు, 22 ఏళ్ళకి హార్ట్ ఎటాకా?

హార్ట్ ఎటాక్ కాదు, కార్డియాక్ అరెస్ట్. మన పొలంలో బోరు మోటారుతో పోల్చి చెప్తాను. పైపు పూడుకుపోయి నీళ్ళు రాకపోతే అది హార్ట్ ఎటాక్, గుండెకు రక్తం తెచ్చే నాళం మూసుకుపోవడం. పైపులన్నీ బాగున్నా కరెంటు గడబిడై మోటారు తిరగకపోతే అది కార్డియాక్ అరెస్ట్. మొదటిది రెండోదానికి దారితీయవచ్చు కానీ రెండూ ఒకటి కాదు. స్పెయిన్ గోల్ కీపర్ కసియాస్‌కి 2019లో ప్రాక్టీస్‌లో వచ్చింది హార్ట్ ఎటాక్. పుయెర్తాది గుండె కరెంటు సమస్య.

అతనికున్న జబ్బు పేరేంటి? ఎలా వస్తుంది?

డాక్టర్లు చెప్పిన పేరు అరిథ్మోజెనిక్ రైట్ వెంట్రిక్యులర్ డిస్‌ప్లేసియా. గుండె కుడి వైపు కింది గదిలో కండరం క్రమంగా చచ్చి, దాని స్థానంలో కొవ్వు, మచ్చ కణజాలం పేరుకుంటాయి. విద్యుత్ సంకేతం ఆ చోట దారి తప్పి ప్రమాదకరమైన లయలు పుట్టిస్తుంది. చాలావరకు వంశపారంపర్యంగా వస్తుంది, కండర కణాలను ఒకదానికొకటి పట్టి ఉంచే ప్రోటీన్ల జన్యువుల్లో లోపం వల్ల. సుమారు 5000 మందిలో ఒకరికి ఉంటుందని అంచనా. తీవ్రమైన వ్యాయామం ఈ జబ్బును ముదిరేలా చేస్తుంది, క్రీడాకారుల్లో దీన్ని చూసి డాక్టర్లు భయపడేది అందుకే. క్రికెట్ చూసేవాళ్ళకు ఇంగ్లండ్ బ్యాట్స్‌మన్ జేమ్స్ టేలర్ గుర్తుండే ఉంటాడు. 2016లో 26 ఏళ్ళకే ఆట మానేసింది ఈ జబ్బు బయటపడటం వల్లే. అతనికి సమయానికి తెలిసింది.

అంత పెద్ద క్లబ్ వైద్య పరీక్షలు చేయదా? ముందే ఎందుకు పట్టుకోలేదు?

చేస్తుంది. పుయెర్తా అంతకుముందు ప్రాక్టీస్‌లో కూడా స్పృహ తప్పాడని, పరీక్షల్లో ఏమీ తేలలేదని అప్పట్లో పత్రికల్లో వచ్చింది. ఈ జబ్బు తొలి దశలో దొరకడం నిజంగానే కష్టం. ఈసీజీ మామూలుగానే రావచ్చు. ఎకో (గుండె స్కాన్)లో కుడి గది సరిగ్గా కనపడదు. పైగా బాగా శిక్షణ పొందిన క్రీడాకారుడి గుండె ఎలాగూ కొంచెం పెద్దదిగానే ఉంటుంది కాబట్టి ఏది జబ్బు, ఏది శిక్షణ ఫలితం అన్నది తేల్చడం డాక్టర్‌కి తలనొప్పే. ఎమ్మారై, జన్యు పరీక్షలు ఇప్పుడు ఎక్కువగా వాడుతున్నారు. ఇటలీలో మాత్రం 1982 నుంచే పోటీ క్రీడల్లోకి వెళ్ళే ప్రతివారికీ ఈసీజీ తప్పనిసరి చేశారు, ఈ జబ్బు గురించి మనకు తెలిసినదానిలో చాలా భాగం అక్కడి డాక్టర్ల పుణ్యమే.

వ్యాక్సిన్ వల్ల పడిపోయిన ఆటగాళ్ళ వీడియోల్లో ఇతని క్లిప్ కూడా పెడుతున్నారు, నిజమేనా?

ఇతను పోయింది 2007లో. కోవిడ్ వచ్చింది 2019 చివర్లో. ఆ వీడియో పంపినవాళ్ళకు ఈ రెండు సంవత్సరాలూ రాసి పంపండి, చాలు.

## అతను పోయాక

బెటిస్ వాళ్ళు కూడా వచ్చి ఏడ్చారంటారు. అది అంత గొప్ప విషయమా?

ఆ ఏడాది సంగతి తెలిస్తే గొప్ప విషయమే. సెవిల్లా, రియల్ బెటిస్ ఒకే ఊరి క్లబ్‌లు, పచ్చగడ్డి వేస్తే భగ్గుమనే వైరం. 2007 ఫిబ్రవరి 28న బెటిస్ మైదానంలో కప్ మ్యాచ్ జరుగుతుండగా స్టాండ్స్ నుంచి ఎవరో విసిరిన సీసా తగిలి సెవిల్లా కోచ్ హువాండే రామోస్ స్పృహ తప్పాడు. మ్యాచ్ ఆగిపోయింది, మిగిలిన నిమిషాలను తర్వాత గెటాఫే మైదానంలో ప్రేక్షకులు లేకుండా ఆడించారు. రెండు క్లబ్‌ల అధ్యక్షులు డెల్ నీడో, లోపేరా ఒకరి ముఖం ఒకరు చూసుకునే స్థితిలో లేరు. పుయెర్తా భౌతికకాయాన్ని స్టేడియంలో ఉంచినప్పుడు లోపేరా వచ్చి డెల్ నీడోని కౌగిలించుకున్నాడు. బెటిస్ జెర్సీలు వేసుకున్న అభిమానులు కూడా జనంలో నిలబడ్డారు. వైరం పోలేదు, పోదు కూడా. కానీ ఆ ఏడాది విషం మాత్రం అక్కడితో దిగింది.

ఇటలీ క్లబ్ మిలాన్ ఆటగాళ్ళ వీపు మీద కూడా పుయెర్తా పేరు ఎందుకుంది?

అది 2007 ఆగస్టు 31న మొనాకోలో జరిగిన యూరప్ సూపర్ కప్. పుయెర్తా పోయి మూడు రోజులే అయింది. రెండు జట్ల ఆటగాళ్ళూ తమ పేరుకు బదులు అతని పేరు వేసుకుని ఆడారు. రెనాటో గోల్‌తో సెవిల్లా ముందుకు వెళ్ళినా మిలాన్ 3-1తో గెలిచింది. పుయెర్తా చనిపోయిన రోజే ఏథెన్స్‌లో గ్రీస్ క్లబ్ ఏఈకేతో ఆడాల్సిన మ్యాచ్‌ని సెప్టెంబర్ 3కి వాయిదా వేశారు, అందులో సెవిల్లా 4-1తో గెలిచి చాంపియన్స్ లీగ్‌లోకి వెళ్ళింది.

పుయెర్తా వేసుకున్న 16వ నంబర్ జెర్సీని రిటైర్ చేశారా లేదా?

క్లబ్ చేద్దామనుకుంది, రూల్స్ ఒప్పుకోలేదు. స్పెయిన్ లీగ్‌లో ఫస్ట్ టీమ్ నంబర్లు 1 నుంచి 25 వరకే ఉండాలి కాబట్టి మధ్యలో ఒకటి శాశ్వతంగా తీసేయడం కుదరదు. మాంచెస్టర్ సిటీ నుంచి తిరిగొచ్చాక హెసూస్ నవాస్ ఆ నంబర్‌ని స్నేహితుడి జ్ఞాపకంగా వేసుకున్నాడు, 2024లో రిటైర్ అయ్యేదాకా. షాల్కే మ్యాచ్‌లో ఆ బంతి వేసినవాడే ఆ జెర్సీ మోయడం కన్నా మంచి ఏర్పాటు ఉండదు. సొంత మైదానంలో ప్రతి మ్యాచ్‌లో 16వ నిమిషానికి జనం అతని కోసం చప్పట్లు కొడతారు. క్లబ్ అతని పేరు మీద ఏటా వేసవిలో ట్రోఫీ కూడా పెట్టింది.

సెర్హియో రామోస్ స్పెయిన్‌కి 15 నంబర్‌తో ఎందుకు ఆడేవాడు? క్లబ్‌లో 4 కదా?

పుయెర్తా స్పెయిన్‌కి ఆడిన ఏకైక మ్యాచ్‌లో అతని నంబర్ 15. ఇద్దరూ అకాడమీ రోజుల నుంచి స్నేహితులు. అందుకే జాతీయ జట్టులో ఏళ్ళ తరబడి రామోస్ 15 వేసుకున్నాడు. యూరో 2008 గెలిచిన రాత్రి పుయెర్తా బొమ్మ ఉన్న టీషర్ట్‌తో మెడల్ అందుకున్నది కూడా అతనే.

స్పెయిన్ ఆటగాడు ఇనియెస్తా వరల్డ్ కప్ ఫైనల్లో గోల్ కొట్టి చూపించిన పేరు ఇతనిదేనా?

కాదు, ఆ పేరు డానీ హార్కే. ఎస్పాన్యోల్ కెప్టెన్. 2009 ఆగస్టు 8న ఇటలీలో సీజన్ ముందు క్యాంప్‌లో ఉండగా హోటల్ గదిలో గుండె ఆగి 26 ఏళ్ళకు చనిపోయాడు. ఇద్దరూ స్పెయిన్‌వాళ్ళే, ఇద్దరివీ ఆగస్టు మరణాలే కాబట్టి కలిపేస్తుంటారు. విచిత్రం ఏంటంటే 2007 గ్లాస్గో ఫైనల్లో పుయెర్తాకు ఎదురుగా ఆడిన డిఫెండర్లలో హార్కే ఒకడు.

అదే వారంలో ఇంకా ఆటగాళ్ళు పడిపోయారని విన్నాను, నిజమా?

నిజమే. ఆగస్టు 28నే ఇంగ్లండ్‌లో లెస్టర్ ఆటగాడు క్లైవ్ క్లార్క్‌కి నాటింగ్‌హామ్ ఫారెస్ట్ మ్యాచ్ విరామంలో డ్రెస్సింగ్ రూమ్‌లో గుండె ఆగింది. షాక్ ఇచ్చి బతికించారు. మ్యాచ్ మళ్ళీ ఆడినప్పుడు, ఆగేసరికి ఫారెస్ట్ 1-0తో ఆధిక్యంలో ఉంది కదా అని, లెస్టర్ వాళ్ళు మొదట్లోనే ఫారెస్ట్ గోల్ కీపర్‌ని నడిచి వెళ్ళి గోల్ కొట్టుకోనిచ్చారు. మరుసటి రోజు ఇజ్రాయెల్‌లో ప్రాక్టీస్ చేస్తూ జాంబియా ఆటగాడు చాస్వే న్సోఫ్వా చనిపోయాడు.

పెళ్ళయిందా? పిల్లలున్నారా?

అతను పోయేనాటికి అతనితో కలిసి ఉంటున్న అమ్మాయి గర్భవతి. రెండు నెలల తర్వాత, అక్టోబర్‌లో, కొడుకు పుట్టాడు. కుటుంబం గురించి ఇంతకంటే రాయను.

మా అబ్బాయి అకాడమీలో ఆడుతున్నాడు, ఇది చదివి భయమేస్తోంది. ఏం చూసుకోవాలి?

ఆట మాన్పించకండి. మూడు విషయాలు మాత్రం తేలిగ్గా తీసుకోకండి. ఆడుతూ ఉండగా కళ్ళు తిరిగి పడిపోవడం (ఆట అయిపోయాక ఎండకు నీరసించడం వేరు), ఉన్నట్టుండి గుండె దడదడలాడటం, కుటుంబంలో ఎవరైనా చిన్న వయసులో కారణం తెలియకుండా చనిపోయి ఉండటం. వీటిలో ఏది ఉన్నా కార్డియాలజిస్ట్ చూసేదాకా గ్రౌండ్‌కి పంపొద్దు. ఎవరైనా దెబ్బ తగలకుండానే పడిపోయి, పలకక, ఊపిరి సరిగ్గా తీసుకోకపోతే నీళ్ళు చల్లుతూ కూర్చోకండి. ఒకరు 108కి ఫోన్ చేయాలి, ఇంకొకరు వెంటనే ఛాతీ మధ్యలో గట్టిగా, వేగంగా, నిమిషానికి 100 నుంచి 120 సార్లు నొక్కుతూ ఉండాలి. అకాడమీకి ఫీజు కట్టేటప్పుడు డీఫిబ్రిలేటర్ (గుండెకు షాక్ ఇచ్చే యంత్రం) ఉందా, దాన్ని వాడటం ఎవరికి వచ్చు అని అడగండి. అడిగితే విచిత్రంగా చూస్తారు, చూడనివ్వండి.

అతని ఆట చూడాలంటే ఏ మ్యాచ్‌తో మొదలుపెట్టాలి?

షాల్కే మ్యాచ్‌ని హైలైట్స్‌లో కాకుండా కనీసం ఎక్స్‌ట్రా టైమ్ నుంచి పూర్తిగా చూడండి, గోల్ తర్వాత మిగిలిన ఇరవై నిమిషాల్లో స్టేడియం పడిన యాతన కూడా చూడాలి కాబట్టి. తర్వాత గ్లాస్గో ఫైనల్. వర్షంలో, బరువెక్కిన మైదానంలో రెండు గంటలు ఎడమ అంచున పైకీ కిందికీ పరుగెత్తి, చివర్లో ఆ కాళ్ళతోనే పెనాల్టీ తీసుకున్నాడు.